గాజుతొట్టిలోని కాపురము
(తలిదండ్రుల సమావేశమున ప్రధానోపాధ్యాయుల ప్రసంగము)



కాశిమేడు రేవు చెంతనుండు రాయపురమువారికి చేపను గూర్చి చెప్పబూనుట సాహసమే. అయినను మేము ప్రస్తావింపదలచినది కూరకు పనికివచ్చు చేప కాదు. కొనిపెట్టుడని మన పిల్లలు మారాము చేయు రంగుచేప. ఇట్టి చేపల పెంపకమునకును, వర్తకమునకును మన నగరములోని కొళత్తూరు పేరుపొందినది. ఈ రంగుచేపలలో 'రామ్' అనునది యొకటి.

ఈ పేరునకును మన శ్రీరామునకును సంబంధము లేదు. దీనిని సేకరించిన మాన్యుయెల్ రామిరెజ్ పేర 1948లో మయర్సు, హారీ యను శాస్త్రజ్ఞులు దీనికి 'రామిరెజీ' యని నామకరణము చేసిరి. దీని పుట్టిల్లు దక్షిణ అమెరికాలోని ఒరినోకో నదీ ప్రాంతము; వెనిజులా, కొలంబియా దేశపు బయళ్లలోని వెచ్చని నీరు. నిడివి రెండంగుళములు. పసుపువన్నె మేనిపై నీలపు చుక్కలు, కంటిమీదుగా నల్లని చార.

పెక్కు చేపలు గ్రుడ్లు పెట్టి తమ దారిని తాము పోవును. సిక్లిడ్ కుటుంబమునకు చెందిన ఈ చేప అట్టిది కాదు. ఆడుమగలు రెండును కలిసి చదునైన రాతిని నోటితో శుభ్రపరచును. అందు గ్రుడ్లు పెట్టిన పిదప రెక్కలతో నీటిని విసరుచు కావలి కాయును. రెండు మూడు దినములలో పిల్లలు వెలువడును. అవి యీదనేర్చిన పిదపను వానిని గుంపుగా నడిపించుచు, తమకంటె పెద్ద చేపనైనను ఎదిరించును. మన పులికాటు సరస్సులోను ఈ కుటుంబపు దేశీయ చేప కలదు. మలయాళులు కరిమీన్ అనునది అదియే. అదియును తన బిడ్డలను కాచుకొనును.

అయితే తొట్టిని మాటిమాటికి తట్టినను, నీరు చెడినను, ఈ రామ్ దంపతులే తమ గ్రుడ్లను తినివేయుట కలదు. నెమ్మది లేని యింట పెంపకము సాగదు గదా!

తొట్టిని, చేపను ఒక్కనాడే కొనుట తగదు. చేప విసర్జించు అమ్మోనియా దానికే విషము. ఆ విషమును మార్చు సూక్ష్మజీవులు తొట్టిలో వృద్ధిపొందుటకు కొన్ని వారములు పట్టును. అంతవరకు ఓపిక పట్టనిచో చేప చచ్చును, బిడ్డ ఏడ్చును.

మరియొక విన్నపము. విసుగు పుట్టినపుడు చేపను చెరువులో విడుచుట దయ యని పిల్లలు తలంతురు. అది దయ కాదు. ఈ కుటుంబమునకే చెందిన ఆఫ్రికా చేప తిలాపియాను 1952లో ఆహారము నిమిత్తము మన దేశమునకు తెచ్చిరి. అది చెరువులలో విపరీతముగా పెరిగి, దేశీయ చేపల తిండికిని, చోటునకును పోటీయైనది. పెంచలేనపుడు చేపను అమ్మినవారికో, పెంచగలవారికో యిండు. నీటిలో మాత్రము విడువకుడు.

కావున బిడ్డ చేపను అడిగినపుడు వెంటనే కాదనకుడు, వెంటనే ఔననకుడు. ముందు తొట్టి నొక్కదానిని నీటితో నింపి యిండు. ప్రతిదినము చిటికెడు తిండి అందు వేయుటయు, వారమునకొకసారి కొంత నీరు మార్చుటయు వానికి అప్పగింపుడు. ఆ తిండియే కుళ్లి సూక్ష్మజీవులను పోషించును. చేప లేని తొట్టికి నెల దినములకు పైగా సేవ చేయగలిగిన బిడ్డ చేపను పెంచగలడు. అట్టివానికి నిశ్చింతగా కొనిపెట్టుడు.