వంశావళి ఎవరి సాక్ష్యం?

ఎవరి స్మృత్యర్థం ఈ ఉపన్యాసం జరుగుతున్నదో, ఆ గురువుగారి దగ్గరే నేను శాసనాలు చదవడం నేర్చుకున్నాను. రాగిరేకుల ప్రతి చేతికిస్తే మేమంతా రాజు పేరెక్కడ, సంవత్సరమెక్కడ అని వెతికేవాళ్లం. ఆయన మొదటి రేకు నుంచే చదివించేవారు. సూర్యచంద్ర వంశాల పొడుగాటి వరసను దాటవేయనిచ్చేవారు కాదు. నేటి నా మాట ఆ వరస గురించే.

ఐతరేయ బ్రాహ్మణంలో, శునశ్శేపుని కథ చివర, ఆంధ్రుల పేరు వస్తుంది. కన్నతండ్రి నూరు ఆవులకు అమ్ముకున్న ఆ కుర్రవాడు బలికోసం కట్టిన యూపస్తంభం నుంచి బయటపడ్డాక, విశ్వామిత్రుడు అతణ్ణి పెద్దకొడుకుగా స్వీకరించాడు. ఆయనకున్న నూటొక్క కొడుకుల్లో మధుచ్ఛందుని కంటే పెద్దవాళ్లు యాభైమంది అందుకు ఒప్పుకోలేదు. మీ సంతతి అంచులకు పోవుగాక అని తండ్రి శపించాడు. వాళ్లే ఆంధ్రులు, పుండ్రులు, శబరులు, పులిందులు, మూతిబులు అంటుంది బ్రాహ్మణం.

దీన్ని చదివి కొందరు చిన్నబుచ్చుకుంటారు, కొందరు విశ్వామిత్ర సంతతి అని మురిసిపోతారు. కథ అల్లినవాళ్ల వైపు నుంచి చూడండి. తమ పొలిమేరలకు ఆవల ఉన్న ఈ జనాలను వాళ్లు ఎరుగుదురు. పూర్తిగా పరాయివాళ్లు అనలేరు, సాటివాళ్లని ఒప్పుకోనూ లేరు. అందుకే చుట్టరికం కలిపిన నోటితోనే ఇంట్లోంచి వెళ్లగొట్టారు. అశోకుని 13వ శిలాశాసనంలోనూ ఆంధ్ర, పులిందుల పేర్లు జంటగానే ఉన్నాయి. పుట్టుక కల్పితమైనా ఇరుగుపొరుగు నిజం.

ఒకే మూలపురుషుడికి వేర్వేరు సంతానం అంటగట్టడమూ ఉంది. యయాతి కొడుకు తుర్వసుని నుంచి యవనులు పుట్టారని భారతం ఆదిపర్వం. అదే తుర్వసుని వంశంలో పాండ్య, చోళ, కేరళులను చేర్చింది హరివంశం. భాషల చుట్టరికాన్ని కాదన్న వరసలూ ఉన్నాయి: బైబిలు ఆదికాండం 10వ అధ్యాయంలో కనాను హాము కొడుకు, ఈజిప్టుకు తమ్ముడు. కనానీయుల భాషేమో హీబ్రూకు తోబుట్టువు. భాషను బట్టి కాదు, పొత్తును, పగను బట్టి కూర్చిన వరస అది.

ఇక వేంగీ చాళుక్యులు. బాదామి రెండో పులకేశి తమ్ముడు కుబ్జ విష్ణువర్ధనుడు 7వ శతాబ్దిలో ఆ రాజ్యానికి మూలపురుషుడు. తొలి శాసనాలు మానవ్యస గోత్రం, హారీతీపుత్రులు, వరాహలాంఛనం అని కొద్ది మాటల్లో ముగిస్తాయి. చంద్రుడూ లేడు, అయోధ్యా లేదు. దాదాపు నాలుగు వందల ఏళ్ల తర్వాత విమలాదిత్యుని రణస్థిపూడి శాసనంలో బ్రహ్మ, అత్రి, చంద్రుడు మొదలుకొని అర్జునుడి మీదుగా ఉదయనుడి దాకా వరస నడుస్తుంది. ఆపైన అయోధ్యలో 59 మంది చక్రవర్తులు! ఒక్కరి పేరూ చెప్పదు, లెక్క మాత్రం చెబుతుంది. తర్వాత విజయాదిత్యుడు దక్షిణాపథానికి వచ్చి త్రిలోచన పల్లవునితో పోరులో చనిపోయాడు. గర్భవతి అయిన రాణిని ముడివేము అగ్రహారంలో విష్ణుభట్ట సోమయాజి కాపాడాడు. అక్కడ పుట్టిన బిడ్డే, కుబ్జ విష్ణువర్ధనుడికి పూర్వీకుడైన మరో విష్ణువర్ధనుడట.

ఆ కాలంలోనే ఈ కథ ఎందుకు అవసరమైంది? విమలాదిత్యుని రాణి కుందవ్వ రాజరాజచోళుని కూతురు. చోళులు సూర్యవంశీయులమని చాటుకున్నవాళ్లు. వియ్యానికి తగిన వంశం వేంగికీ కావాలి కదా. ఇది నా ఊహే గాని, కాలం మాత్రం దానికి సరిపోతున్నది. వాళ్ల కొడుకు రాజరాజనరేంద్రుడు పాండవులను తన పూర్వులుగా తలచాడు, వాళ్ల కథ తెలుగులో వినాలని నన్నయను కోరాడు. ఆ 59 మంది ఏనాడూ లేకపోయినా, ఆ నమ్మకం పుణ్యమా అని మనకు భారతం దక్కింది.

చరిత్రకారులు ఈ వరసను కట్టుకథ అని పక్కన పెడతారు. భక్తులు అక్షరసత్యం అంటారు. ఇద్దరూ దాన్ని అది చెప్పే కాలానికే సాక్ష్యంగా అడుగుతున్నారు. అది రాయించుకున్న కాలానికి సాక్ష్యం. నేడు కులాల గొప్పలకు పురాణ వంశాలను రుజువుగా చూపేవారితోనూ నేను చెప్పేది ఇదే.

పరిశోధన చేస్తున్న పిల్లలకు ఒక విన్నపం. ప్రతి రాజవంశపు శాసనాలనూ కాలక్రమంలో పెట్టుకుని, ఏ పూర్వీకుడు ఏ సంవత్సరంలో మొదటిసారి వచ్చి చేరాడో పట్టికలు తయారుచేయండి. ఆ పని పూర్తయ్యేదాకా శాసనాల తొలి రేకులను దాటవేయకండి.