తేడా తెలియడం అంటే ఏమిటి?



మా మాస్టారు జీవితమంతా ధ్వనిశాస్త్రం చెప్పారు. ఆయన పేరిట ఇస్తున్న ఈ ప్రసంగంలో ఒక్క ప్రశ్నే తీసుకుంటాను. రెండు ధ్వనుల తేడా ఒక మనిషికి తెలుస్తోందో లేదో మనం ఎలా తేల్చగలం?

‘పాత’, ‘పాట’ అని వినిపించి, రెండూ ఒకటేనా అని అడిగితే చాలదు. ప్రతిసారీ ‘వేరు’ అనే మనిషికి వేరు మాటల జంటలన్నింటిలోనూ మార్కులు వచ్చేస్తాయి. అందుకే ఒకే మాటను రెండుసార్లు పలికిన జంటలను కూడా మధ్యమధ్య కలుపుతారు. వాటిని ‘వేరు’ అన్న తప్పులను లెక్కలోకి తీసుకున్నాకే అంచనా కడతారు. డి-ప్రైమ్ అనే కొలత చేసే పని ఇదే. వినే శక్తిని, జవాబిచ్చే అలవాటును అది విడదీస్తుంది. ఈ రంగంలో ఇంతకన్నా ముఖ్యమైన మెలకువ లేదని నా నమ్మకం.

మరి మాటలు రాని పసివాళ్ల సంగతి? 1971లో పీటర్ ఐమాస్ బృందం 1, 4 నెలల శిశువులు పాలపీకను చప్పరించే వేగాన్ని కొలిచింది. విని విని అలవాటైన ధ్వని ‘బ’ నుంచి ‘ప’కు మారగానే చప్పరింత మళ్లీ జోరందుకుంది. ఇంకాస్త పెద్ద పిల్లలకు తల తిప్పే పరీక్ష ఉంది. అక్షరం మారినప్పుడు బిడ్డ తల తిప్పితే పెట్టెలో బొమ్మ వెలుగుతుంది. ఒళ్లో కూర్చోబెట్టుకున్న తల్లికి హెడ్‌ఫోన్లో సంగీతం పెడతారు, ఆమె కదలిక బిడ్డకు సైగ కాకుండా.

ఈ పద్ధతితోనే జానెట్ వెర్కర్, రిచర్డ్ టీస్ 1984లో ఒక సంగతి చూపించారు. ఇంగ్లీషు మాట్లాడే ఇళ్లలోని పిల్లలు 6-8 నెలలప్పుడు హిందీ త, ట ల తేడాను పట్టుకున్నారు. 10-12 నెలలు వచ్చేసరికి చాలామంది పట్టుకోలేకపోయారు. హిందీ ఇళ్లలోని పిల్లలకు ఆ తేడా నిలిచింది.

దీన్నిబట్టి చెవి మూసుకుపోయిందనడం నేను ఒప్పుకోను. ఇంగ్లీషు పెద్దవాళ్లకు రెండు అక్షరాల మధ్య ఎడం ఒకటిన్నర సెకన్ల నుంచి అర సెకనుకు తగ్గించి వినిపిస్తే, అదే తేడాను మెరుగ్గా గుర్తించారు. జపనీయులకు ఇంగ్లీషు ర, ల లు కలిసిపోతాయని అందరికీ తెలుసు. అయితే ఆ రెండింటినీ వేరుచేసే మూడో ఫార్మంటును, అంటే నోటి ప్రతిధ్వనిలో బలంగా ఉండే మూడో పౌనఃపున్య పట్టీని, మాటలోంచి విడదీసి వినిపిస్తే, వాళ్లు అమెరికన్లతో సమానంగా తేడా పట్టారు. 1975లో వచ్చిన ఫలితమది. ధ్వని చెవికి అందుతోంది. దాన్ని ఏ గడిలో వేయాలో భాష నిర్ణయిస్తోంది.

ఇది మన బడులకూ వర్తిస్తుంది. ళ ను ల గా పలికే ఊళ్లు మనకున్నాయి. అక్కడి పిల్లవాడు ‘కళ’ను ‘కల’ అంటే వినికిడి లోపమని అనుమానించే ముందు, పలకనివ్వకుండా వినిపించి చూడాలి. ఒకే ప్రాంతపు ఒకే గొంతు కాక, పలు జిల్లాల స్త్రీపురుషుల గొంతులతో రికార్డు చేసిన తెలుగు జంటలు కావాలి. తేడా లేని జంటలు అందులో సగమైనా ఉండాలి. ఫలితం చెప్పేటప్పుడు పిల్లవాడి మార్కుతోపాటు ఏ ఎడంతో, ఎవరి గొంతుతో వినిపించామో కూడా రాయాలి.