తెప్పలకు చరిత్ర వ్రాసిన జేమ్స్ హార్నెల్



మౌలాలి కొండ యెక్కి నలుదెసలు చూచినను సముద్రము కానరాదు. బందరు రేవు ఇచ్చటి నుండి మూడు వందల కిలోమీటర్లకు పైమాట. ఇట్టి తావున పడవల చరిత్ర వ్రాసిన ఆంగ్లేయుని గూర్చి ప్రసంగమేల యని కొందఱికి తోచవచ్చును. తెలుగు కావ్యములలో సంసారమును సాగరముతోను, గురువును నావికునితోను పోల్చిన పద్యములకు కొదవ లేదు. ఆ నావను ఏ కొయ్యతో, ఏ త్రాటితో, ఎట్లు కట్టుదురో వివరించిన పద్యము దొరకుట మాత్రము మిక్కిలి అరుదు. ఆ పని చేసిన వారిలో జేమ్స్ హార్నెల్ ముఖ్యుడు.

ఆయన 1865లో జన్మించి 1949లో మరణించెను. వృత్తిచేత జీవశాస్త్రజ్ఞుడు. సింహళ ద్వీపమున ముత్యపు చిప్పల పరిశోధనలో పాల్గొని, పిదప చెన్నరాజధాని మత్స్యశాఖలో చేరి, దాని డైరెక్టరు పదవి నధిష్ఠించెను. అప్పటి చెన్నరాజధానిలో గంజాము మొదలు నెల్లూరు వరకు గల తీరమంతయు చేరియుండెను. చేపల లెక్కలు, శంఖముల పాటలు, ముత్యముల రాబడి చూచుకొనుటయే ఉద్యోగధర్మము. పడవల ముచ్చట ఆ ధర్మములో లేదు. అయినను తీరమునకు పోయిన చోటనెల్ల ఆయన చూపు చేపల మీదనే నిలువక, వానిని తెచ్చిన తెప్ప మీదికి ప్రసరించెను. ఫలితముగా 1920లో బెంగాలు ఏషియాటిక్ సొసైటీ వారి ప్రచురణగా భారతదేశపు పడవల రూపములను గూర్చిన గ్రంథము వెలువడెను.

తెప్ప యనగానే నాలుగు దుంగలు కట్టినదే కదా యని చదువుకొన్నవారు చులకన చేయుదురు. తూర్పు తీరమున సహజమైన రేవులు తక్కువ. ఒడ్డుకు ముందే అల విఱిగి మీద పడును. బోలుగా నున్న పడవ నీట నిండి మునుగును. తెప్పకు నిండుటకు కడుపే లేదు. పైకి వచ్చిన నీరు దుంగల సందులనుండి జాఱిపోవును. తేలిక కొయ్య నీరు పీల్చి బరువెక్కును గనుక, ఒడ్డు చేరగానే కట్లు విప్పి దుంగల నెండబెట్టుదురు. తమిళులు దీనిని కట్టుమర మందురు. ఆంగ్లభాషలోని కాటమరాన్ శబ్దమునకు అదియే మూలము. తమిళ తీరపు తెప్పయు, విశాఖ గంజాము ప్రాంతపు తెప్పయు ఒక్క తీరున ఉండవు. దూరము నుండి ఒక్కటిగా కనబడు వస్తువులలో భేదమును పట్టుటయే హార్నెల్ ప్రజ్ఞ.

ఇంకొకటి మసూలా పడవ. ఇందు మేకు ఒక్కటియు నుండదు. పలుచని పలకలను అంచు కంచు చేర్చి, సందున గడ్డి పొత్తి పెట్టి, కొబ్బరినార త్రాళ్లతో కుట్టుదురు. లోపల ప్రక్కటెముకల వంటి ఊతకొయ్యలును లేవు. అల విసరి ఇసుకపై కొట్టినపుడు బిగువైన ఓడ పగులును. ఇది వంగి సర్దుకొనును. చెన్నపట్టణమునకు కట్టుడు రేవు ఏర్పడక పూర్వము పెద్ద పెద్ద దొరలందఱు ఓడ దిగి ఈ కుట్టుపడవ నెక్కియే గట్టు చేరిరి.

సముద్రము నెఱుగని తెలంగాణమునకు పుట్టి తెలియును. ధాన్యపు లెక్కలో పుట్టి యనగా ఇరువది తూములు. ఏటి పుట్టి వేఱు. వెదురు బద్దల బుట్టకు తోలు కప్పిన గుండ్రని పడవ యిది. కావ్యభాషలో హరిగోలు. 1520 ప్రాంతమున విజయనగరమును దర్శించిన పోర్చుగీసువాడు పాయిస్, తుంగభద్రలో మనుష్యులను పశువులను దాటించుచు గిరగిర తిరుగు ఈ పడవలను వర్ణించెను. హార్నెల్ దక్షిణదేశపు పుట్టిని, టైగ్రిసు యూఫ్రటీసు నదుల గుండ్రని పడవలను, తన దేశమున వేల్సు ప్రాంతపు జాలరుల తోలుపడవను ప్రక్కప్రక్కన నిలిపి పరిశీలించెను. తన దేశపు దానికి పెద్దపీట వేయలేదు.

1924లో సెయింట్ జార్జి నౌకాయాత్రలో చేరి పసిఫిక్ ద్వీపములకు పోయెను. హాడన్ పండితునితో కలిసి ఆ ద్వీపముల పడవలపై మూడు సంపుటములు 1936 నుండి 1938 వరకు ప్రకటించెను.

ఆయన చెప్పినదంతయు అంగీకరింప నక్కఱలేదు. దక్షిణాగ్రమునను సింహళమునను పడవకు ప్రక్కకొయ్య కట్టు పద్ధతిని చూచి, పసిఫిక్ జాతులవారే పూర్వము వచ్చి ఇచ్చటి కొన్ని కులములలో కలిసిరని ఊహించెను. రాకపోకలు జరిగినవనుట సమంజసమే. పనిముట్టు ఒకచోటి నుండి ఇంకొకచోటికి పోవుటకు జాతి యంతయు తరలి రానక్కఱలేదు. ఒక్క వర్తకుడు చాలును. పడవను బట్టి రక్తసంబంధము నిర్ణయించుట ఆ కాలపు పండితులకు గల దుడుకు. ఆయన కొలతలు నిలిచినవి. ఈ ఊహ నిలువలేదు.

1946లో కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయము వారు ప్రకటించిన జలయానముల గ్రంథము ఆయన జీవితఫలము. అందు మూడు భాగములు: తేలుదుంగలు తెప్పలు మొదటిది, తోలుపడవలు రెండవది, దొప్పలు పలకల పడవలు మూడవది. తెప్ప, పుట్టి, మసూలా మూడును గల తెలుగుదేశమున ప్రతి భాగమునకును ఉదాహరణము దొరకును. యజ్ఞశ్రీ శాతకర్ణి రెండు తెరచాపకొయ్యల ఓడను నాణెముపై ముద్రించెను. కాకతి గణపతిదేవుడు 1244 ప్రాంతమున మోటుపల్లి శాసనములో, ఓడ పగిలిన వర్తకుల సొత్తు రాజు హరింపబోడని అభయమిచ్చెను. రాజుల మాట రాతిపై నిలిచినది. ఆ ఓడలను కుట్టిన వాని మాట ఏ రాతికిని ఎక్కలేదు.

ఇప్పుడు కొయ్యతెప్పకు బదులు ఫైబరు తెప్పలును, తెడ్డుకు బదులు మోటారును వచ్చినవి. పుట్టికి సైతము తోలు పోయి ప్లాస్టిక్ గుడ్డ చేరినది. బెస్తవాని శ్రమ కొంత తగ్గినందుకు సంతోషింపవలసినదే. అయితే తెప్పలో నడిమి దుంగ కొక పేరు, ప్రక్క దుంగ కొక పేరు, ముక్కుకొయ్య కొక పేరు కలవు. వానిని నోట గలవారు వృద్ధులు. హార్నెల్ చివరి గ్రంథము, నానా జలములలో చేపల వేటను గూర్చినది, ఆయన మరణించిన మఱుసటి యేడు 1950లో అచ్చయినది. తెప్పను కట్టిన ముసలివారు దానిని చదువలేదు. అది వారి భాషలో లేదు.