రంగం రేవులో కోరంగీలు, ఫిలడెల్ఫియాలో ఐరిష్‌వాళ్ళు

(వారాసిగూడలో జరిగిన వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



అమెరికా నగరాల్లో వలస వచ్చినవాళ్ళ మీద జరిగిన దాడుల గురించి మాట్లాడమని కమిటీవారు అడిగారు. మన ఇళ్ళలో చాలామంది పిల్లలు అక్కడ ఉన్నారు కాబట్టి అడిగి ఉంటారు. తప్పకుండా చెబుతాను. కానీ ముందు మన తెలుగువాళ్ళకే జరిగిన సంగతి ఒకటి చెప్పనివ్వండి. అది తెలిస్తే అమెరికా సంగతి తేలిగ్గా అర్థమవుతుంది.

రంగూన్‌ను మన పాతతరం 'రంగం' అనేవారు. విశాఖ, గోదావరి జిల్లాల నుంచి వేలమంది పొట్టకూటి కోసం ఓడెక్కి రంగం వెళ్ళారు. కాకినాడ దగ్గరి కోరంగి రేవు పేరు మీద బర్మావాళ్ళు తెలుగువాళ్ళను కోరంగీలు అనేవారు. రేవులో మూటలు మోసింది, రిక్షాలు లాగింది ఎక్కువగా వీళ్ళే. 1931 జనాభా లెక్కల నాటికి రంగూన్‌లో సగానికి పైగా భారతీయులే.

1930 మే నెలలో రేవులో పనిచేసే తెలుగు కూలీలు కూలి పెంచమని సమ్మెకు దిగారు. ఓడల్లో సరుకు ఎక్కించే కంపెనీలు వాళ్ళ స్థానంలో బర్మా కూలీలను పెట్టుకున్నాయి. కొన్నాళ్ళకు తెలుగువాళ్ళతో రాజీ కుదిరింది. మే 26 ఉదయం వాళ్ళు పనిలోకి దిగారు. ఇక మీరు రానక్కర్లేదన్న మాట బర్మావాళ్ళకు ఎవరూ చెప్పలేదు. వాళ్ళూ ఎప్పటిలాగే పనికి వచ్చారు. మాటా మాటా పెరిగింది, ఎగతాళి నడిచింది, చేతికందిన ఇనుప ముక్కలు, కర్రలు లేచాయి. రోజుల తరబడి వీధుల్లో తెలుగువాళ్ళను వెతికి వెతికి కొట్టారు. ప్రభుత్వం ఒప్పుకున్న లెక్క ప్రకారమే నూరుమందికి పైగా చనిపోయారు. కూలీలను మార్చిన దొరలకు మాత్రం గీత కూడా పడలేదు. నాకు కోపం తెప్పించేది ఈ సంగతే. ఆ బర్మా కూలీ కూడా ఆకలితో వచ్చినవాడే. ఆ నెల మొదట్లోనే పెగూ భూకంపం రంగూన్‌ను కూడా కుదిపింది.

అది కూలి తగాదా. ఎనిమిదేళ్ళకు అదే ఊళ్ళో మతం పేరు పైకొచ్చింది. ఒక ముస్లిం రచయిత పుస్తకంలో బుద్ధుణ్ణి కించపరిచాడని 1938 జులై 26న ష్వేడగాన్ పగోడా దగ్గర సభ జరిగింది. సభ ఊరేగింపుగా మారి బజారు మీద పడింది. ఈసారి దెబ్బ ఎక్కువగా ముస్లింల మీద పడింది. పత్రికలు నిప్పు రాజేశాయని విచారణ కమిటీ తేల్చింది. భూమి, అప్పు, ఉద్యోగాల గొడవలు అప్పటికే లోపల రగులుతున్నాయి.

ఇప్పుడు ఫిలడెల్ఫియా. 1844. కెన్సింగ్టన్ పేటలో ఐరిష్ కాథలిక్కులు చేమగ్గాల మీద నేసి బతికేవారు. తక్కువ కూలికి పనిచేస్తారని వాళ్ళ మీద స్థానికులకు గుర్రు. ప్రభుత్వ బడుల్లో ప్రొటెస్టెంటు బైబిలు చదివించేవారు. మా పిల్లలను మా బైబిలు చదువుకోనివ్వండని కాథలిక్ బిషప్ అడిగారు. అడిగింది అంతే. బడి నుంచి బైబిలునే తీసేయమంటున్నారని ఊరంతా పాకింది. మే నెలలో ఇళ్ళు, రెండు చర్చీలు తగలబెట్టారు, ఒక చర్చితో పాటు దాని గ్రంథాలయమూ కాలిపోయింది. జులైలో మళ్ళీ చెలరేగింది. రెండు విడతల్లో ఇరవైమందికి పైగా చనిపోయారు.

అంతకు పదేళ్ళ ముందు బోస్టన్ పక్కన చార్ల్స్‌టౌన్‌లో సన్యాసినుల బడిని కాల్చేశారు. ఒక సన్యాసినిని బలవంతంగా ఉంచారన్న పుకారే కారణం. అక్కడ చదివే పిల్లల్లో ఎక్కువమంది ప్రొటెస్టెంటు ఇళ్ళవాళ్ళే! 1855లో లూయివిల్‌లో ఎన్నికల రోజున జర్మన్, ఐరిష్ పేటల మీద పడి ఇరవై మందికి పైగా చంపారు.

దెబ్బతిన్నవాళ్ళు ఏం చేశారన్నది దాతలైన మీకు ముఖ్యం. ఫిలడెల్ఫియాలో చర్చివాళ్ళు నగరం మీదే దావా వేసి పరిహారం రాబట్టారు. సొంత బడులు, ఆసుపత్రి కట్టుకున్నారు. న్యూయార్క్‌లో ఐరిష్ వలసదారుల సంఘం చొరవతో 1850లో పొదుపు బ్యాంకు పెట్టారు. రైలు దిగినవాడికి, ఓడ దిగినవాడికి మొదటి వారం తిండి, చిరునామా, తెలిసిన మనిషి దొరికితే వాడు అడ్డగోలు కూలికి ఒప్పుకోడు. స్థానిక కూలీకీ మేలే. ఈ మాట ఎవరూ పట్టించుకోరు.

ఇంకొకటి. 2017 ఫిబ్రవరిలో కాన్సాస్‌లోని ఒలేతెలో మన హైదరాబాదు నుంచి వెళ్ళిన ఇంజనీరును 'మా దేశం విడిచి పో' అంటూ ఒకడు కాల్చి చంపాడు. చంపినవాడు తాను కాల్చింది ఇరానీయులను అనుకున్నాడు. వీళ్ళ కళ్ళకు మనం ఎవరమో చూడండి. అడ్డుపడబోయిన ఒక అమెరికన్ యువకుడికి కూడా తూటా తగిలింది. హ్యూస్టన్‌లోని భారతీయులు లక్ష డాలర్లు పోగుచేసి, ఇల్లు కొనుక్కోమని అతనికిచ్చారు.

మన సంగతికి వస్తాను. వారాసిగూడ, పార్శిగుట్ట, సీతాఫల్‌మండి సందుల్లో బిహార్, ఒడిశా నుంచి వచ్చిన మేస్త్రీలు, పెయింటర్లు, హోటల్ కుర్రాళ్ళు ఒక్కో గదిలో ఆరేడుగురు ఉంటున్నారు. 'మనవాళ్ళ పొట్ట కొడుతున్నారు' అన్న మాట చాయ్ దుకాణాల్లో నేనే విన్నాను. రంగం రేవులోనూ ఇదే మాట. 'మనవాళ్ళకే చాలట్లేదు కదా సార్' అని మీరంటారు. నిజమే, చాలదు. బస్తీ పిల్లల ఫీజులకు కోతపెట్టమని నేననను. కానీ జకాత్ ఎవరికి చెందాలో చెప్పిన ఎనిమిది పద్దుల్లో బాటసారి ఒకడని నాకంటే మీకే బాగా తెలుసు.

సాయం కోరేవాళ్ళు నింపే ఫారంలో 'ఇక్కడ ఎన్నేళ్ళ నుంచి ఉంటున్నారు' అని ఒక గడి ఉంది. ఐదేళ్ళు లేకపోతే మందుల సాయం కూడా లేదు. జ్వరానికి ఐదేళ్ళేమిటి? చదువు సాయానికి ఆ గడి ఉంచండి, మందులకు, ప్రమాద సాయానికి తీసేయండి. కొత్త ఫారాలు ఇంకా ప్రెస్సుకు వెళ్ళలేదని కార్యదర్శిగారు చెప్పారు కాబట్టి ఈ రోజే అడుగుతున్నాను.