ఎఫ్.ఐ.ఆర్. మీద సెక్షన్ చదవండి
(కార్యకర్తల శిక్షణా తరగతిలో చేసిన ప్రసంగం)



పోయిన ఏడాది ఒకామె మా దగ్గరకు వచ్చింది. పెళ్ళయిన మూడేళ్ళకే కూతురు అత్తవారింట్లో చనిపోయింది. అదనపు కట్నం తెమ్మని కొడుతున్నారని ఆ ముందు వారమే ఫోనులో తల్లితో చెప్పుకుని ఏడ్చిందట. "కేసు పెట్టారమ్మా, ఎఫ్.ఐ.ఆర్. కూడా ఇచ్చారు" అని ఒక కాగితం చూపించింది. నాలుగు నెలలుగా ఆ కాగితాన్నే నమ్ముకుని స్టేషను చుట్టూ తిరుగుతోంది.

చదివి చూస్తే అందులో ఉన్నది ఒక్క 194వ సెక్షనే. అంటే అనుమానాస్పద మృతి. పాత చట్టంలో 174. ఆ సెక్షన్ కింద తేల్చేది మనిషి ఎలా చనిపోయిందన్నది మాత్రమే. ఎవరి మీదా నేరం మోపినట్టు కాదు. తల్లి చెప్పిన కట్నం మాట అందులో లేనే లేదు.

అసలు కేసే కట్టకపోతే కుటుంబం మనల్ని వెతుక్కుంటూ వస్తుంది. కట్టినట్టు కనిపిస్తే ఇంట్లో కూర్చుని ఎదురుచూస్తుంది. నాకు ఈ రెండోదే ఎక్కువ భయం.

పెళ్ళయిన ఏడేళ్ళలోపు అసహజంగా చనిపోయి, అంతకు కొద్దికాలం ముందు కట్నం కోసం హింస ఉంటే అది వరకట్న మరణం. ఐ.పి.సి.లో 304-బి, 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలో 80. వారంటు లేకుండా అరెస్టు చేయగల నేరం. అటువంటి నేరం గురించి ఫిర్యాదు వస్తే ఎఫ్.ఐ.ఆర్. రాసి తీరాలని 2013లో లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

ఆమె చేత అన్నీ వివరంగా మళ్ళీ రాయించాం. "ఉన్న కేసు చాలదా?" అని స్టేషనులో తీసుకోలేదు. నాగరిక్ సురక్షా సంహిత 173(4) ప్రకారం అదే ఫిర్యాదును జిల్లా ఎస్పీకి స్పీడ్ పోస్టులో పంపాం. జవాబు లేదు. అప్పుడు 175(3) కింద, ప్రమాణపత్రం జతచేసి మేజిస్ట్రేటు కోర్టులో దరఖాస్తు వేశాం. కోర్టు మొదట అడిగింది ఏమిటనుకున్నారు? ఎస్పీకి పంపిన పోస్టు రసీదు. ఆమె దాన్ని కొంగున ముడేసుకుని తెచ్చింది. అది లేకపోతే మళ్ళీ మొదటికి వచ్చేవాళ్ళం. వకీలును న్యాయ సేవాధికార సంస్థ ఇచ్చింది. స్త్రీలకు ఆదాయంతో పని లేకుండా ఇవ్వాలని 1987 చట్టం. చాలామంది నేరుగా హైకోర్టుకు పరిగెత్తి అప్పులపాలవుతారు. దర్యాప్తు సరిగా లేకపోయినా ముందు వెళ్ళవలసింది మేజిస్ట్రేటు దగ్గరకేనని 2007లో సాకిరి వాసు కేసులో సుప్రీంకోర్టే చెప్పింది.

మేజిస్ట్రేటు దర్యాప్తుకు ఆదేశించారు. కొత్త ఎఫ్.ఐ.ఆర్. వచ్చింది. కానీ అప్పటికే ఆ ఇంటికి సున్నాలు వేశారు. పక్కవాటాలో ఉన్నవాళ్ళు ఖాళీ చేసి వెళ్ళిపోయారు. అందుకే ఇప్పుడు ఎక్కడ ఇలాంటి చావు జరిగినా శవ పంచనామా నాటికే మేం అక్కడ ఉంటున్నాం. తహశీల్దారు ముందు తల్లిదండ్రులు చెప్పే కట్నం మాట రాసుకునేదాకా కదలం.

దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో 90 రోజుల్లో ఫిర్యాదుదారుకు చెప్పాలని 193వ సెక్షన్. ఆ గడువు పోయిన వారం దాటింది. తల్లి చేత ఉత్తరం రాయించాం. దాని రసీదు కూడా ఆమె దగ్గరే ఉంది.