కాలినాళముల ఛాయాపటములు
(చోడవరము పఠనమందిరమున చేసిన యుపన్యాసము)



వకీలు వైద్యవిషయమున నోరు విప్పుట కొందరికి వింతగా తోచవచ్చును. కాని కాలు తీసివేయుటకు సమ్మతిపత్రముపై వ్రేలిముద్ర వేసి, ఆ పిమ్మట కాగితముల కట్టతో వకీలు గుమ్మము త్రొక్కువారు గలరు. ఆ కట్టలో మందుల చీటీలు, రసీదులు ఉండును. తీసివేసిన కాలిలో రక్తమెచ్చట నిలిచిపోయినదో చూపు పటమొక్కటియు నుండదు. అందువలన నేనీ విషయము నెత్తుకొంటిని.

మనప్రాంతమున కాలు వాచినచో బోదకాలని తీర్మానించుట అలవాటు. దానికి కారణము లేకపోలేదు. కోస్తా జిల్లాలను ఆ జాడ్యము చిరకాలము పీడించినది. దానికి డైఇథైల్ కార్బమజీన్ అను మందును 1947లో లోకమునకిచ్చిన లెడర్లే పరిశోధనశాలకు నాయకుడు మన భీమవరమున జన్మించిన యెల్లాప్రగడ సుబ్బారావుగారే. అయినను ప్రతి వాపును బోదకాలు కాదు. సిరలలోని కవాటములు చెడి రక్తము క్రిందికి జారినను కాలు వాచును. లోతు సిరలో రక్తము గడ్డకట్టినను వాచును. ఈ కడపటిది ప్రాణాంతకము. గడ్డ విడివడి ఊపిరితిత్తులకు పోయినచో గడియలో మనిషి పోవచ్చును. ప్రసవము, శస్త్రచికిత్స, దీర్ఘకాలము మంచము పట్టుట, వీని తరువాత ఒక్క కాలు హఠాత్తుగా వాచి పిక్క నొప్పి పుట్టినచో, తైలము రాచి మర్దించుట మహాప్రమాదము. ఆ దినముననే అనకాపల్లికో విశాఖపట్టణమునకో పోవలెను.

పైచూపునకీ భేదములు తెలియవు. 1895లో రాంట్జెన్ కనుగొన్న కిరణములు ఎముకను చూపినవి గాని రక్తమునకు నీడ లేదు. మరుసటి యేడు జనవరిలోనే వియన్నాలో ఛేదింపబడిన యొక చేతి నాళములలోనికి మందెక్కించి పటము తీసిరి. 1924లో అమెరికాలో బ్రూక్స్ అను వైద్యుడు సోడియం అయొడైడ్ ఎక్కించి జీవించియున్నవారి కాలి ధమనులను చూచెను. 1964లో పోర్ట్‌లాండ్ నగరమున 82 ఏండ్ల వృద్ధురాలు, పాదము కుళ్లుచున్నను కాలు తీయనియ్యనని పట్టుపట్టెను. డాటర్ అను వైద్యుడు పటములో ధమని యిరుకైన చోటు గుర్తించి, సన్నని గొట్టమును లోనికి పంపి దానిని వెడల్పు చేసెను. పాదము నిలిచినది! ఆమె బ్రతికినన్నాళ్లు తన కాళ్లతోనే నడచెను. ఆ ముసలమ్మ మొండితనమునకు వైద్యలోకము ఋణపడియున్నదని నా యభిప్రాయము.

నేడు తొలుత చేయదగినది సూది లేని డాప్లర్ పరీక్ష. అనకాపల్లి స్టేషనులో రైలు వచ్చునపుడు కూత హెచ్చుస్థాయిలోను, దాటిపోవునపుడు తగ్గుస్థాయిలోను వినబడును గదా! ఆ సూత్రమునే 1842లో డాప్లర్ అను పండితుడు చెప్పెను. చెవికందని ధ్వనిని కాలిలోనికి పంపి, కదలు రక్తకణముల నుండి మరలివచ్చు మార్పును బట్టి ప్రవాహపు దిక్కును, వేగమును యంత్రము చిత్రించును. పరికరముతో నొక్కినపుడు మంచి సిర అణగిపోవును; గడ్డకట్టిన సిర అణగదు. కవాటముల పరీక్షకు రోగిని నిలువబెట్టి పిక్కను నొక్కి వదలుదురు. పైసిరలలో రక్తము అరసెకనుకు మించి వెనుకకు జారినచో కవాటము చెడినట్లే.

మధుమేహము కలవారి మానని పుండు వేరు సంగతి. అచ్చట ధమనులను చూడవలెను. చీలమండ వద్ద రక్తపుపోటును చేతి పోటుతో భాగింపగా 0.9కి తగ్గినచో ధమనులు ఇరుకైనవని సందేహింపవలెను. అయితే మధుమేహమున ధమనులు గట్టిపడి ఈ లెక్క తప్పుగా హెచ్చి కనబడుటయు కలదు. కావున లెక్క బాగున్నదని పుండును ఉపేక్షింపరాదు. అయొడిన్ మందెక్కించి తీయు పటము చివరి మెట్టు. మూత్రపిండములు బలహీనమైనవారికది హాని చేయవచ్చును గనుక ముందు రక్తమున క్రియాటినిన్ చూడవలెను. పుండు లేదు, వాపు లేదు, నొప్పి లేదు. అట్టివానికి కూడ పటము తీయువారు వైద్యమును వర్తకము చేయుచున్నారు.

ఇక నా వృత్తికి చెందిన మాట రెండు ముక్కలలో చెప్పెదను. పరీక్షకిచ్చిన సమ్మతి చికిత్సకు సమ్మతి కాజాలదని సుప్రీంకోర్టు 2008లో సమీరా కోహ్లీ వ్యాజ్యమున తీర్పు చెప్పినది. పటమునకు చేసిన సంతకముతో కాలు తీయుట చెల్లదు. 2002 నాటి వైద్యమండలి నిబంధనల ప్రకారము రోగి కోరినచో 72 గంటలలోగా వైద్యపత్రములు ఇయ్యవలెను. నోటిమాటగా కాక వ్రాసి యడుగుడు. తేదీ వేసి నకలు దగ్గర నుంచుకొనుడు.