అద్దం లోకానికి దారి ఉందా?



మొన్న ఆదివారం అరియాంకుప్పంలోని మా ఇంట్లో పిల్లలు టీవీలో ఒక సినిమా చూశారు. అందులో ఒకాయన మీట నొక్కగానే గోడలో నీలిరంగు సుడి లేచి దారి తెరుచుకుంటుంది. అవతల కూడా ఇలాంటి ఊరే, ఇలాంటి మనుషులే. సినిమా అయ్యాక మనవరాలు వచ్చి, "తాతయ్యా, అలాంటి మిషను నిజంగా ఉందా?" అని అడిగింది. సినిమా కదమ్మా అని పంపెయ్యడానికి నాకు మనసొప్పలేదు. అలాంటి దారి కోసం ప్రయోగశాలలో గోడ కట్టి మరీ వెతికినవాళ్లు ఉన్నారు. ఈ సాయంత్రం ఆ సంగతి చెబుతాను.

సినిమాల్లో డైమెన్షన్ అంటే వేరే లోకం. శాస్త్రంలో మాత్రం అది కదలడానికి వీలున్న ఒక దిక్కు. ముందుకూ వెనక్కూ ఒకటి, కుడికీ ఎడమకూ ఒకటి, పైకీ కిందికీ ఒకటి. మనకు తెలిసినవి ఈ మూడే. మా పక్కనే వీరాంపట్నం రేవులో పడవలకు కట్టిన మోకులు ఉంటాయి. దూరం నుంచి చూస్తే మోకు ఉత్త గీతలా కనిపిస్తుంది. దానిమీద పాకే చీమకు మాత్రం పొడుగునా వెళ్లడమే కాదు, చుట్టూ తిరిగి రావడానికీ చోటుంది. మనకు కనిపించనంత సన్నగా చుట్టుకుపోయిన దిక్కు ఇంకొకటి ఉండవచ్చని 1920లలో కలుజా, క్లైన్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు ఊహించింది దాదాపు ఇలాగే.

ఉంటే ఎలా తెలుస్తుంది? ఒక గుండుసూదిని నేలమీద పెట్టి, పైన చిన్న అయస్కాంతం పట్టుకోండి. భూమి మొత్తం కిందికి లాగుతున్నా సూది పైకి లేస్తుంది. భూమ్యాకర్షణ ఎందుకింత బలహీనం? అందులో కొంత మనకు కనిపించని దిక్కులోకి కారిపోతోందేమోనని 1998లో కొందరు ప్రతిపాదించారు. దూరం రెట్టింపైతే ఆకర్షణ నాలుగో వంతుకు పడిపోతుందన్నది న్యూటన్ లెక్క. కారిపోవడం నిజమైతే బాగా దగ్గరి దూరాల్లో ఆ లెక్క తప్పాలి. అమెరికాలోని వాషింగ్టన్ విశ్వవిద్యాలయం వాళ్లు సన్నని తీగకు పళ్లెం వేలాడదీసి, 2020 నాటికి 52 మైక్రాన్ల దూరం దాకా కొలిచారు. అంటే సన్నటి వెంట్రుక మందం. అక్కడా న్యూటన్ లెక్క తప్పలేదు.

ఇక గోడ కథ. పరమాణువు నడిమి గింజలో న్యూట్రాన్ అనే రేణువు ఉంటుంది. దాన్ని బయటికి తీసి వదిలేస్తే సగటున పావుగంట లోపే ప్రోటానుగా మారిపోతుంది. ఆ ఆయుష్షును కొలవడానికి రెండు పద్ధతులున్నాయి. పళ్లెంలో ఎన్ని ఇడ్లీలు మిగిలాయో లెక్కపెట్టడం ఒక పద్ధతి అనుకోండి. ఎవరెన్ని తిన్నారో అడిగి కూడడం రెండోది. రెండూ సరిపోవాలి కదా? న్యూట్రాన్లను సీసాలాంటి పాత్రలో బంధించి మిగిలినవాటిని లెక్కపెడితే ఆయుష్షు దాదాపు 14 నిమిషాల 39 సెకన్లు వస్తుంది. ధారగా పంపి, పుట్టిన ప్రోటాన్లను లెక్కపెడితే 14 నిమిషాల 48 సెకన్లు. తేడా తొమ్మిది సెకన్లు. పళ్లెం ఖాళీ అయిన వేగానికీ, తిన్నామని ఒప్పుకున్నవాళ్ల లెక్కకూ పొంతన లేదు.

కొన్ని న్యూట్రాన్లు మన కంటపడని చోటికి జారిపోతున్నాయా? మన పదార్థానికి అద్దంలో ప్రతిబింబం లాంటి మరో పదార్థం ఉందనీ, న్యూట్రాను అప్పుడప్పుడూ ఆ రూపంలోకి మారుతుందనీ ఒక ఊహ. టెనెసీ రాష్ట్రంలోని ఓక్ రిడ్జ్ ప్రయోగశాలలో లియా బ్రూసార్డ్ అనే భౌతిక శాస్త్రవేత్త బృందం దీన్ని పరీక్షకు పెట్టింది. న్యూట్రాన్ల ధారను బలమైన అయస్కాంతాల మధ్యగా నడిపించి, వాటిని పీల్చేసే గోడకు గురిపెట్టారు. మామూలు న్యూట్రాను గోడ దాటలేదు. అద్దం రూపంలోకి మారినదానికి మన గోడ అడ్డే కాదు. దాటి, అవతలి అయస్కాంతాల దగ్గర మళ్లీ మామూలుదైతే, అక్కడున్న పరికరం పట్టుకుంటుంది. 2019లో పత్రికలు దీన్నే సమాంతర లోకానికి ద్వారం అని రాశాయి. ఇంతకంటే నిజమైన ద్వార యంత్రం నాకు తెలిసి లేదు. ఫలితం 2022లో వచ్చింది. అలా గోడ దాటి వచ్చిన న్యూట్రాను ఒక్కటీ లేదు.

ఇలాంటి యంత్రాలంటే భయపడే పిల్లల తల్లిదండ్రులకు ఒక మాట. జెనీవా దగ్గర 27 కిలోమీటర్ల సొరంగంలో ప్రోటాన్లను ఢీకొట్టే యంత్రాన్ని 2008 సెప్టెంబరు 10న ప్రారంభించినప్పుడు, భూమి మాయమైపోతుందని మన దేశంలోనూ ప్రచారం జరిగింది. పిల్లలు బెదిరిపోయారు. అంతకంటే ఎక్కువ శక్తిగల రేణువులు అంతరిక్షం నుంచి వచ్చి, కోట్లాది సంవత్సరాలుగా మన గాలిపొరను ఢీకొంటూనే ఉన్నాయి. భూమి ఉంది, మనమూ ఉన్నాం. ఈ ఒక్క సంగతి పిల్లలను దగ్గర కూర్చోబెట్టుకుని చెప్పండి.

ఇదంతా చెప్పాక మనవరాలిని మా ఏటి గట్టుకు, అరికమేడుకు తీసుకెళ్లాను. 1945లో మార్టిమర్ వీలర్ అక్కడ తవ్వించినప్పుడు, ఇటలీలో చేసిన ఎర్రటి నునుపు పాత్రల ముక్కలూ, ద్రాక్షసారా తెచ్చిన జాడీల పెంకులూ దొరికాయి. రెండువేల ఏళ్ల కిందట ఈ రేవుకూ రోమన్లకూ రాకపోకలున్నాయని మనం నమ్మేది ఆ పెంకులు చేతికి దొరికాయి కాబట్టే. దారి ఉంటే ఇవతల ఒక పెంకైనా పడి ఉండాలి. ఓక్ రిడ్జ్ గోడ వెనక వాళ్లు వెతికింది అలాంటి పెంకునే.

పిల్ల కాసేపు ఏటివైపు చూసి, "మరి ఆ తొమ్మిది సెకన్లు ఎక్కడికి పోయాయి తాతయ్యా?" అంది. కొలతలో పొరపాటుందేమోనని కొందరు, తెలియని భౌతికశాస్త్రం ఉందేమోనని కొందరు ఇంకా వెతుకుతున్నారు తల్లీ, అన్నాను.